హెవెన్‌ను తిరగేస్తే నెవేయా

1999లో అమెరికా మొత్తం మీద ఎనిమిది మంది ఆడపిల్లలకు నెవేయా అని పేరు పెట్టారు. 2001లో అదే పేరు 1,191 మందికి పెట్టారు. 2005లో 4,457 మందికి. ఆ ఏడాది ఆడపిల్లల పేర్ల వరుసలో దానిది 70వ స్థానం. 2010కి అది 25వ స్థానానికి ఎక్కింది. బైబిల్లో ఈ పేరు లేదు. రాణులకూ లేదు, పాత కథల్లో నాయికలకూ లేదు. అమ్మమ్మల, నాయనమ్మల పేర్లలో అసలే లేదు. ఇంగ్లీషులో స్వర్గాన్ని హెవెన్ అంటారు. హెచ్, ఇ, ఎ, వి, ఇ, ఎన్ అనే ఆ ఆరు అక్షరాలను చివరి నుంచి మొదటికి రాసుకుంటూ వస్తే ఎన్, ఇ, వి, ఎ, ఇ, హెచ్ అవుతుంది. అదే నెవేయా. ‘వే’ను నొక్కి పలుకుతారు. ఈ పేరు విన్న పెద్దవాళ్లు చాలామంది మొహం చిట్లించారు. పత్రికలు నవ్వుకున్నాయి. అయినా వేల మంది తల్లిదండ్రులు ఏటేటా తమ బిడ్డలకు అదే పెట్టుకుంటూ పోయారు.

పేరు జనంలోకి వచ్చిన దారి తెలిసిందే. పి.ఓ.డి. అనే క్రైస్తవ రాక్ బృందం ఒకటుంది, శాన్ డియాగో వాళ్లది. దాని గాయకుడు సన్నీ శాండోవల్. 2000లో ఎం.టి.వి. వాళ్ల ‘క్రిబ్స్’ కార్యక్రమంలో ఆయన కనిపించాడు. పేరున్నవాళ్ల ఇళ్లు తిప్పి చూపించే కార్యక్రమం అది. అందులో తన పసిపాపను చూపించి, పేరు నెవేయా అని, హెవెన్‌ను వెనక్కి రాస్తే వచ్చేదని చెప్పాడు. అంతకుముందూ కొద్దిమంది ఈ పేరు పెట్టుకోకపోలేదు, 1999 నాటి ఎనిమిది మందే అందుకు సాక్ష్యం. కాకపోతే దేశమంతా విన్నది ఆ రోజే. సినిమా తారల పేర్లు పిల్లలకు పెట్టుకోవడం మనకూ కొత్త కాదు. ఇక్కడ విశేషమేమిటంటే, జనం పెట్టుకున్నది గాయకుడి పేరు కాదు, అతను తన బిడ్డకు పెట్టుకున్న పేరు. పేరుతో పాటు, అది ఎలా పుట్టిందో ఆ చిన్న వివరణ కూడా నోటి నుంచి నోటికి పాకింది.

ఈ లెక్కలు అమెరికా సోషల్ సెక్యూరిటీ శాఖవి. బిడ్డ పుట్టగానే తల్లిదండ్రులు ఆ శాఖ నంబరు కోసం దరఖాస్తు పెడతారు. ఆ దరఖాస్తుల మీది పేర్లను లెక్కగట్టి పట్టికగా ఇచ్చే పని 1997లో ఆ శాఖలోనే పనిచేసే మైకేల్ షాకిల్‌ఫర్డ్ అనే గణాంక నిపుణుడితో మొదలైంది. ఇప్పుడు 1880 నుంచీ పుట్టినవాళ్ల పేర్లు అందులో చూసుకోవచ్చు. ఒక ఏడాదిలో కనీసం ఐదుగురికి పెడితేనే పేరు పట్టికకు ఎక్కుతుంది. ఇంకొక నియమం మన విషయానికి ముఖ్యం: స్పెల్లింగులో ఒక్క అక్షరం తేడా ఉన్నా, పలికేది ఒకేలా ఉన్నా, ఆ శాఖ దాన్ని వేరే పేరుగానే లెక్కిస్తుంది. చివర హెచ్ ఉన్న సారా ఒక పేరు, లేని సారా ఇంకొకటి.

నెవేయా మీద వచ్చిన అభ్యంతరాలన్నీ చివరికి ఒకే మాట దగ్గరికి చేరతాయి. ఇది కల్పించిన పేరు, కాబట్టి దీనికి అర్థం లేదు అన్నదే ఆ మాట. నేను ఒప్పుకోలేనిది సరిగ్గా దాన్నే. పేరుకు అర్థం దాని వయసు వల్ల రాదు, నిఘంటువు వల్ల రాదు. పెట్టినవాళ్ల ఉద్దేశంతో పుడుతుంది, పిలిచేవాళ్ల అలవాటుతో నిలబడుతుంది. ఆ లెక్కన నెవేయాకు ఉన్నంత స్పష్టమైన అర్థం, తెలిసిన పుట్టుక, పాత పేర్లలో చాలావాటికి లేవు.

మేరీ పేరే తీసుకోండి. 1880లో అమెరికాలో పుట్టి పట్టికకెక్కిన ఆడపిల్లల్లో సుమారు ఏడు శాతం మంది మేరీలే. హీబ్రూలోని మిర్యామ్ దానికి మూలం. మిర్యామ్‌కు అర్థమేమిటని అడిగితే పండితుల మధ్య ఈనాటికీ ఏకాభిప్రాయం లేదు. చేదు అన్నారు, తిరుగుబాటు అన్నారు, కోరి కన్న బిడ్డ అన్నారు, ఈజిప్టు భాషలో ప్రియమైనది అనే మాట నుంచి వచ్చిందనీ అన్నారు. ఇన్ని శతాబ్దాలు ఇన్ని కోట్ల మందికి పెట్టిన పేరుకు అర్థం తేలలేదు, తేలలేదని ఎవరూ బెంగపెట్టుకోలేదు. కేథరిన్ సంగతి ఇంకా ఆసక్తికరం. పేర్ల పుస్తకాలన్నీ దానికి ‘పవిత్రమైనది’ అని అర్థం రాస్తాయి. అసలు గ్రీకు పేరు ఐకతెరీనె. అది ఎక్కడి నుంచి వచ్చిందో తేలలేదు. గ్రీకులోనే కథరోస్ అనే మాట ఉంది, శుద్ధమైనది అని. రెండూ వినడానికి దగ్గరగా ఉండేసరికి తొలినాటి క్రైస్తవులు ఈ పేరును ఆ మాటతో ముడిపెట్టారు. ఆ ముడికి తగ్గట్టు ‘త’ ఉన్న చోట ‘థ’ పెట్టి స్పెల్లింగు కూడా మార్చేశారు. భక్తితో, తమకు కావలసిన అర్థం రావాలని, పేరు రాసే తీరునే మార్చారన్నమాట. పదిహేను వందల ఏళ్లు గడిచాక అది సంప్రదాయం అయింది. అదే పని 2000లో ఒక తండ్రి చేస్తే వింత అయింది.

కల్పితమని తోసెయ్యడానికి ముందు, నెవేయా దాటిపోయిన పేర్లేమిటో చూడాలి. 2005లో అది 70వ స్థానానికి వచ్చాక న్యూయార్క్ టైమ్స్ దాని మీద ఒక వార్తాకథనం వేసింది. సారా, వెనెస్సా, అమాండా అనే పేర్లను ఇది వెనక్కి నెట్టిందని అందులో ఉంది. ఈ మూడింట్లో వెనెస్సా పూర్తిగా కల్పితం. గలివర్ కథ రాసిన జోనథన్ స్విఫ్ట్, తన స్నేహితురాలు ఎస్తర్ వానమ్రీ ఇంటిపేరులోంచి ‘వాన్’ తీసుకుని, ఎస్తర్‌ను ముద్దుగా పిలిచే ‘ఎస్సా’ దానికి అతికించి ఒక కావ్యం కోసం తయారుచేసిన పేరది. ఆ కావ్యం 1726లో అచ్చయింది. అమాండా కూడా జనంలోకి వచ్చింది సాహిత్యం ద్వారానే, 1696లో కోలీ సిబ్బర్ రాసిన నాటకంలోని పాత్ర వల్ల. ప్రేమించదగినది అనే లాటిన్ మాటను పేరుగా వాడారు. మిరాండాను షేక్‌స్పియర్ అదే పద్ధతిలో లాటిన్ నుంచి తీశాడు. పమేలా ఫిలిప్ సిడ్నీ సృష్టి. సెడ్రిక్ అనే మగపిల్లల పేరు వాల్టర్ స్కాట్ 1819 నాటి నవలలో పుట్టింది. సెర్డిక్ అనే పాత సాక్సన్ పేరులో రెండు అక్షరాలు తారుమారైతే వచ్చిందది.

వీటన్నిటికంటే ఇమొజెన్ కథ నాకు ముఖ్యంగా తోస్తుంది. షేక్‌స్పియర్ నాటకం ఒకదానిలో ఒక రాకుమారికి ఈ పేరుంది. అది నిజానికి ఇన్నొజెన్ అయి ఉండాలనీ, 1623 నాటి తొలి సంపుటంలో రెండు ‘న’ల చోట ‘మ’ పడిందనీ పరిశోధకులు చాలామంది నమ్ముతారు. అంటే అచ్చుతప్పు. ఆ అచ్చుతప్పు ఇవాళ ఇంగ్లండులో మర్యాదస్తుల ఇళ్లలో పెట్టుకునే ముచ్చటైన పేరు. దాన్ని ఎవరూ స్పెల్లింగు తప్పు అనరు. కవి చేస్తే సృష్టి, అచ్చాపీసులో జరిగితే వారసత్వం, మామూలు తల్లిదండ్రులు చేస్తే మాత్రం తెలియనితనం ఎలా అవుతుంది? రచయితలు పాత్ర కోసం కల్పించారు కదా, దానికి కావ్యం అండ ఉంది కదా అనవచ్చు. నిజమే. అయితే వెనెస్సా అని కూతురికి పెట్టుకున్న వాళ్లలో ఆ కావ్యం చదివినవాళ్లు ఎందరు? మాడిసన్ అనే పేరు 1984లో ఒక సినిమాలో సముద్రం నుంచి వచ్చిన మత్స్యకన్య న్యూయార్క్ వీధి బోర్డు చూసి తనకు పెట్టుకున్న పేరు. సినిమాలో అది ఒక హాస్యం. 2001 వచ్చేసరికి అమెరికాలో ఆడపిల్లల పేర్లలో అది రెండో స్థానంలో ఉంది. వీధి బోర్డు మీది ఆ మాట పుట్టుకలో ఒక ఇంటిపేరు. అర్థం కోసం పెట్టుకునే పేర్లు ఎన్నో, వినడానికి బాగుందని పెట్టుకునేవీ అన్నే.

ఇక్కడ ధ్వని సంగతి చెప్పుకోవాలి. హార్వర్డ్‌లో సమాజశాస్త్రం చెప్పిన స్టాన్లీ లీబర్సన్ 2000లో వెలువరించిన పుస్తకంలో, పేర్ల ఫ్యాషన్లు చాలావరకు బయటి సంఘటనల వల్ల కాక పేర్లలోని శబ్దాల వల్లే మారతాయని వాదించాడు. ఒక శబ్దం నచ్చడం మొదలైతే, దానికి దగ్గరగా ఉండే కొత్త పేర్లు దాని వెంటే వస్తాయి. నెవేయా వచ్చిన కాలంలో అమెరికన్ల చెవికి ఇంపుగా ఉన్నవి ఏవా, ఒలీవియా, మాయా, ఆలియా లాంటి పేర్లు. ‘వ’ లాంటి మెత్తని హల్లు, చివర ‘ఆ’కారం. నెవేయాలో రెండూ ఉన్నాయి. స్వర్గం అనే అర్థం ఒక్కటే ఈ పేరును నిలబెట్టిందనుకుంటే, అదే భక్తితో మిగతా మాటలనూ తిరగేసి చూడండి. ఏంజెల్‌ను తిరగేస్తే లెగ్నా వస్తుంది. గ్రేస్‌ను తిరగేస్తే ఎకార్గ్. ఫెయిత్‌ను తిరగేస్తే నోరే తిరగదు. అర్థం, శబ్దం రెండూ ఒకచోట కుదిరిన మాట హెవెన్ ఒక్కటే అయింది. ఎవరో టీవీలో చెప్పారు కాబట్టి గొర్రెల మంద లాగా జనం పెట్టుకున్నారనే మాట అందుకే తప్పు. టీవీ వినిపించింది. ఎంచుకున్నది చెవి.

పేరును దగ్గరగా పట్టుకుని చూస్తే ఇంకొక సంగతి కనిపిస్తుంది. చివరి హెచ్ పలకదు. హెవెన్‌లో ముందుండి గట్టిగా పలికిన హకారం, తిరగేసరికి చివరికి చేరి మూగబోయింది. అయితే ఇంగ్లీషులో చివర పలకని హెచ్ ఉన్న పేర్లు ఎలాంటివి? సారా, హానా, లేయా, రెబెకా పాత స్పెల్లింగు, మగపిల్లల్లో నోవా. అన్నీ బైబిల్ పేర్లు. హీబ్రూలో స్త్రీల పేర్లు చాలావాటికి చివర హకారాక్షరం ఉంటుంది, ఇంగ్లీషులో హెచ్‌గా మిగిలింది అదే. ఎవరూ అనుకోకుండానే నెవేయాకు పాత నిబంధన పేర్ల రూపురేఖలు వచ్చాయి. కాగితం మీద చూసిన భక్తులైన కుటుంబాలకు అది పరాయిదిగా అనిపించకపోవడానికి ఇదొక కారణమని నా అభిప్రాయం.

ఈ తిరగేత పని తెలుగువాడికి కొంచెం వేరుగా అర్థమవుతుంది. మన రాతలో ‘హె’ ఒక అక్షరం, ‘వె’ ఒక అక్షరం. హల్లును, అచ్చును విడదీయకుండా కలిపి పట్టుకుంటాం. అందుకే వికటకవి అన్న మాట ఎటు నుంచి చదివినా వికటకవే. ఇంగ్లీషు పద్ధతిలో ఒక్కొక్క ధ్వనినీ విడదీసి తిరగేస్తే ఆ చమత్కారం నిలవదు. విలోమ రచన మన సాహిత్యంలో గౌరవం పొందిన విద్య. పదహారో శతాబ్దంలో పింగళి సూరన కళాపూర్ణోదయంలో ఒక పద్యం ఇటు నుంచి తెలుగుగా, అటు నుంచి సంస్కృతంగా నడుస్తుంది. దైవజ్ఞ సూర్యకవి ముందు నుంచి రామకథ, వెనుక నుంచి కృష్ణకథ వచ్చేలా సంస్కృతంలో కావ్యమే రాశాడు. అక్షరాలను వెనక్కి నడిపించడం బుద్ధిహీనుల పని కాదని మన పెద్దలకు తెలుసు.

మత విశ్వాసం ఉన్నవాళ్ల అభ్యంతరం వేరు. స్వర్గాన్ని తలకిందులు చేస్తే వచ్చేది నరకం కదా, దేవుడి మాటను వెనక్కి చదవడం క్షుద్ర విద్య కదా అని కొందరు భయపడ్డారు. ప్రార్థనను వెనక్కి చదివితే చేతబడి అనే నమ్మకం యూరప్‌లో పాతదే, కాబట్టి ఆ భయం నిరాధారమని కొట్టిపారేయలేను. కానీ అదే క్రైస్తవంలో ఇంకొక పాత ధోరణి ఉంది. లాటిన్‌లో ఆదిమాత పేరు ఎవా. మరియమ్మ దగ్గరికి వచ్చిన దేవదూత మొదట పలికిన మాట ఆవె, అంటే వందనం. ఎవాను తిరగేస్తే ఆవె వస్తుంది. మొదటి స్త్రీ వల్ల వచ్చిన పాపాన్ని మరియమ్మ ఆ పేరును తిరగేసినట్టుగా తిరగేసిందని మధ్యయుగపు సన్యాసులు వెయ్యేళ్ల కిందటే కీర్తనల్లో పాడుకున్నారు. ‘ఆవె మారిస్ స్టెల్లా’ అనే ప్రసిద్ధ స్తోత్రంలో ఈ భావం ఉంది. చర్చి ఆమోదంతో, భక్తితో చేసిన అక్షరాల తిరగేత అది. మన దగ్గర వాల్మీకి కథ తెలియనివాళ్లు ఉండరు. రామ అనలేని బోయవాడికి మరా అనమని చెప్పారు, అంటూ అంటూ ఉంటే అదే రామనామం అయింది. తిరగేసిన మాటలో మూలం చచ్చిపోదు, లోపల ఉంటుంది, వెతికినవాడికి దొరుకుతుంది అనే నమ్మకం రెండు మతాల్లోనూ ఉంది. నెవేయా అని పెట్టుకున్న తల్లిదండ్రులు ఎవరిని అడిగినా మొదట చెప్పేది హెవెన్ మాటే. స్వర్గాన్ని కాదనుకునేవాళ్లు బిడ్డ పేరులో దాన్ని దాచుకోరు.

నాకు బాధ కలిగించే అభ్యంతరం ఇంకొకటి. అది సూటిగా అనరు. ఇలాంటి పేర్లు ‘అలాంటి వాళ్లు’ పెట్టుకుంటారన్న చిన్నచూపు అది. నెవేయా ఎక్కువగా భక్తులైన క్రైస్తవ కుటుంబాల్లో, నల్లజాతి కుటుంబాల్లో పాకింది. నల్లజాతివారు కొత్త పేర్లు కల్పించుకోవడం అమెరికాలో చాలాకాలంగా ఉన్నదే. బానిసత్వంలో యజమాని పెట్టిన పేరుతో బతికిన జనం, తమ బిడ్డకు తామే పేరు కల్పించుకోవడంలో ఎంత స్వేచ్ఛ ఉందో వాళ్లకు తెలుసు. ఆ పేర్లు ఇష్టం వచ్చినట్టు అతికించినవని వెక్కిరించేవాళ్లు 1995లో లీబర్సన్, కెల్లీ మైకెల్‌సన్ చేసిన పరిశోధన చూడాలి. ఎక్కడా విననివి, తల్లిదండ్రులు కల్పించినవి అయిన పేర్లు కొన్ని తీసుకుని, అవి ఆడపిల్లలవో మగపిల్లలవో చెప్పమని మామూలు జనాన్ని అడిగారు. చాలా పేర్లకు ఎక్కువమంది సరిగ్గానే చెప్పగలిగారు. కల్పించినవాళ్లకు భాష లోపలి పద్ధతులు తెలుసునన్నమాట. ఏ ధ్వనితో ముగిస్తే ఆడపిల్ల పేరులా వినిపిస్తుందో తెలిసే ముగించారు. ఓప్రా విన్‌ఫ్రే పేరు కూడా బైబిల్లోని ఓర్పా. రూతు గ్రంథంలో నయోమి కోడళ్లలో ఒకరి పేరది. పలకడం కష్టమై చుట్టుపక్కలవాళ్లు అక్షరాలు అటూ ఇటూ చేస్తే ఓప్రా అయింది. ఆమె తన నిర్మాణ సంస్థకు ఆ పేరునే తిరగేసి హార్పో అని పెట్టుకుంది. ఇవాళ ఆ స్పెల్లింగు తప్పు అనే ధైర్యం ఎవరికీ లేదు.

తల్లిదండ్రుల సరదాకు బిడ్డ జీవితమంతా మూల్యం చెల్లించాలా అన్నది మాత్రం తేలిగ్గా తీసుకోదగ్గ ప్రశ్న కాదు. మారియాన్ బెర్ట్రాండ్, సెంథిల్ ముల్లైనాథన్ అనే ఆర్థికవేత్తలు బోస్టన్, షికాగో నగరాల్లో ఉద్యోగ ప్రకటనలకు దాదాపు ఐదు వేల దరఖాస్తులు పంపి చూశారు. అర్హతలు ఒకటే, పేర్లే వేరు. తెల్లవారి పేరు ఉన్న దరఖాస్తులు పది పంపితే ఒక పిలుపు వచ్చింది, నల్లవారి పేరు ఉన్నవి పదిహేను పంపాల్సి వచ్చింది. 2004లో ఇది అచ్చయింది. అదే ఏడాది రోలండ్ ఫ్రయర్, స్టీవెన్ లెవిట్ కాలిఫోర్నియా జనన రికార్డులు పరిశీలించారు. పుట్టిన ఇంటి పరిస్థితులను లెక్కలోకి తీసుకున్నాక, పేరు ఒక్కదాని వల్ల తర్వాతి జీవితంలో చెప్పుకోదగ్గ నష్టం కనిపించలేదన్నారు. రెండూ పక్కపక్కన పెట్టి చూస్తే నాకు అర్థమయ్యేది ఇది. పేరు చూసి తలుపు వేసేవాళ్లు ఉన్నారు, నిజం. వాళ్లు వేస్తున్నది స్పెల్లింగు మీద కాదు, ఆ పేరు వెనుక తాము ఊహించుకున్న జాతి మీద, పేదరికం మీద. అందుకు బిడ్డ పేరు మార్చుకోవాలనడం తప్పు ఎవరిదో మరిచిపోవడమే. రోజువారీ ఇబ్బంది మాత్రం ఉంది, కాదనను. బడిలో టీచరు తప్పు పలుకుతుంది, ఆసుపత్రి కాగితాల్లో తప్పు పడుతుంది, ప్రతిసారీ అక్షరం అక్షరం చెప్పుకోవాలి. అమెరికాలో ఉన్న మన పిల్లలకు ఈ బాధ బాగా తెలుసు. లత, గీత లాంటి పేర్లలోని ‘త’ కోసం మనవాళ్లు టి పక్కన హెచ్ పెడతారు, అమెరికన్లు దాన్ని ‘థ’ అని చదువుతారు. వెయ్యేళ్లుగా ఉన్న పేర్లకే ఆ తిప్పలు తప్పనప్పుడు, తిప్పలున్నాయని కొత్త పేరును మాత్రమే తప్పుపట్టలేం.

కొన్ని దేశాల్లో ఈ చర్చకు తావు లేదు, ప్రభుత్వమే తేలుస్తుంది. ఫ్రాన్స్‌లో 1803 నాటి చట్టం క్యాలెండరులోని సెయింట్ల పేర్లు, ప్రాచీన చరిత్రలోని పేర్లు తప్ప వేరేవి ఒప్పుకునేది కాదు. కాలక్రమంలో సడలింది, 1993లో తల్లిదండ్రులకు స్వేచ్ఛ దొరికింది. ఐస్‌లాండ్‌లో పేర్ల సంఘం ఇప్పటికీ ఉంది. కొత్త పేరు తమ భాష విభక్తులకు లొంగుతుందో లేదో చూస్తుంది. భాషను కాపాడుకోవాలన్న వాళ్ల తపనను గౌరవిస్తాను. కానీ అమెరికా ఎన్నో భాషల జనం వచ్చి చేరిన నేల. అక్కడ అలాంటి జల్లెడ పెడితే మొదట ఆగిపోయేవి మన పేర్లే.

పేరుకు నిఘంటువు అర్థం వేరు, పెట్టినవాళ్ల అర్థం వేరు అన్నదానికి బలమైన సాక్ష్యం మన ఊళ్లలోనే ఉంది. పుట్టిన పిల్లలు పుట్టినట్టే పోతుంటే, తర్వాత పుట్టిన బిడ్డను పెంటకుప్ప మీద పడుకోబెట్టి తెచ్చుకుని పెంటయ్య అనో పెంటమ్మ అనో పేరు పెట్టేవారు. ఎంగిలి విస్తరాకుల మీద దొర్లించి పుల్లయ్య, పుల్లమ్మ అనేవారు. మృత్యువు ఆ పేరు విని, ఎందుకూ పనికిరాని బిడ్డ అనుకుని వదిలేసి పోవాలని. నిఘంటువు చూసి ఆ పేరుకు అర్థం చెప్పేవాడు ఆ తల్లి కడుపుకోతను చూడనట్టే. ఆ పేరు అర్థం ‘నువ్వు బతకాలి’. పైకి కనిపించే మాటను తిరగేస్తే తప్ప ఆ ప్రేమ కనిపించదు. ఇప్పుడు మన దగ్గర కూడా పేర్ల పుస్తకాలు, ఏ నిఘంటువులోనూ దొరకని రెండక్షరాల పేర్లకు లక్ష్మీదేవి అనో దుర్గాదేవి అనో అర్థం రాసి పెడుతున్నాయి. సంఖ్యాశాస్త్రం పేరుతో ఇంగ్లీషు స్పెల్లింగులో ఒక ‘ఎ’ చేర్చడం, ఒక ‘హెచ్’ తీసేయడం మామూలైంది. తెలుగులో రాస్తే ఆ మార్పు కనిపించదు. లేని అర్థాన్ని ఉన్నట్టు రాయడం కంటే, ఈ మాటను ఇలా తిరగేశాం, ఇందుకోసం తిరగేశాం అని చెప్పగలగడం నా దృష్టిలో నిజాయితీ గల పని.

2010 తర్వాత నెవేయా మెల్లగా దిగడం మొదలుపెట్టింది. ఒకసారి అందరి నోటా పడ్డాక, కొత్తదనం కోసం పెట్టుకునేవాళ్లు దూరం జరుగుతారు. ఏ పేరైనా అలాగే దిగుతుంది. ఇప్పుడు అసలు పరీక్ష ఆ పేరులో కాదు, దాని పక్కన మొలిచిన ఇంకొక పేరులో ఉంది. నెవేయా పట్టికలో ఎక్కుతున్న రోజుల్లోనే చివరి అక్షరాలు తారుమారైన రూపం ఒకటి అమెరికాలో మొదటి వెయ్యి పేర్లలోకి వచ్చింది. చివర ఎ, ఇ, హెచ్ ఉండాల్సిన చోట ఇ, ఎ, హెచ్. ఎందుకు అలా జరిగిందో ఊహించడం కష్టం కాదు. ఇంగ్లీషులో ఎ, ఇ, హెచ్‌తో ముగిసే మాట దాదాపు కనపడదు. ఇ, ఎ, హెచ్‌తో ముగిసే లేయా అనే బైబిల్ పేరు మాత్రం ఇంటింటికీ తెలుసు. చెయ్యి అలవాటైన దారిలో పోయింది. చిక్కల్లా ఒక్కటే, ఆ రూపాన్ని తిరగేస్తే హెవెన్ రాదు. అక్షరాల చమత్కారమే ఈ పేరుకు ప్రాణం అనుకునేవాళ్ల లెక్కలో ఆ పిల్లల పేరుకు అర్థం పోయినట్టే, వాళ్లది తప్పుకే తప్పు. నేనలా అనుకోను. ఆ తల్లీ తండ్రీ దరఖాస్తు మీద పేరు రాసేటప్పుడు మనసులో ఉన్నది స్వర్గమే. రెండు అక్షరాల వరుస తప్పినంత మాత్రాన ఆ ఉద్దేశం ఎక్కడికీ పోలేదు. ఇన్నొజెన్ ఇమొజెన్ అయినప్పుడు పోనిది, ఓర్పా ఓప్రా అయినప్పుడు పోనిది ఇక్కడా పోదు. వేలాది మంది అమ్మాయిలు ఇవాళ ఆ స్పెల్లింగుతోనే కాలేజీల్లో చేరుతున్నారు, ఉద్యోగాలు చేస్తున్నారు, సంతకాలు పెడుతున్నారు. వాళ్ల పేరును పలికే తీరు ఒకటే, అడిగితే చెప్పే అర్థమూ ఒకటే. సోషల్ సెక్యూరిటీ పట్టికలో మాత్రం అవి రెండు పేర్లు.